టోన్హీ: తప్పిన కార్యకారణము

బిడ్డకు జ్వరము వచ్చినది. ముందునాడు పొరుగింటి ముసలి వితంతువు ఆ బిడ్డను చూచి పోయినది. ఈ రెంటికిని నడుమ లేని ముడిని వేసి, రాయపూరు పరిసర గ్రామములలో ఆమెకు 'టోన్హీ' యని పేరు పెట్టుదురు. మన చేతబడి, బాణామతి భయములకు ఇది తోబుట్టువు. ఆషాఢ అమావాస్యనాటి హరేలీ పండుగకు అచ్చట గుమ్మములకు వేపమండలు కట్టుదురు. అందులోను ఈ భయము కొంత కలదు.

కాకి వాలినంతనే తాటిపండు రాలినచో కాకి కారణము కాదని మన పెద్దలు కాకతాళీయ న్యాయము చెప్పిరి. ఆంధ్రుడైన అన్నంభట్టు తన తర్కసంగ్రహమున, కార్యమునకు నియతముగా ముందుండునదే కారణమనెను. ఆ నియమమే యిచ్చట లేదు. ఆమె చూచిన బిడ్డలందరకును జ్వరము రాలేదు. చూడని బిడ్డలకును వచ్చినది. మట్టిని మోసిన గాడిద కుండకు కారణము కాదని నైయాయికులు విడిచిపెట్టిరి. ఊరు ఆ గాడిదకు దక్కిన న్యాయమైనను ఆ స్త్రీకి దక్కనీయలేదు. కొట్టుటయు, ఊరినుండి వెడలగొట్టుటయు, ఒక్కొక్కచో చంపుటయు జరిగినవి.

బీహారు 1999లో ఇట్టి చట్టము చేసినది. 2000లో ఏర్పడిన ఛత్తీస్‌గఢము 2005లో టోనహీ ప్రతాడనా నివారణ చట్టమును చేసినది. ఒకరిని టోన్హీ యని చూపినవారికి మూడేండ్ల వరకు, హింసించినవారికి ఐదేండ్ల వరకు కఠినశిక్ష విధించినది. ముసలిదాని చూపును గాక, చూపిన వ్రేలిని నేరముగా నెంచుటయే ఈ శాసనమందలి వివేకము.

కథలో కార్యకారణములను తారుమారు చేయు స్వేచ్ఛ రచయితకు కలదు. ఆ స్వేచ్ఛను ఊరు తీసికొన్ననాడు మూల్యము చెల్లించునది ఒక ఒంటరి స్త్రీ యని మనము మరువరాదు.