గాలిలో ఉండే కాలం: ఒక కొలత చరిత్ర

మీలో విశాఖపట్నం వైపువారికి మల్కాపురం తెలిసే ఉంటుంది. అక్కడ సాయంత్రంపూట వాలీబాల్ ఆడుతుంటే కాసేపు నిలబడి చూడండి. స్మాష్ కొట్టే ఆటగాడు నెట్‌పైన క్షణంసేపు ఆగిపోయినట్టు కనిపిస్తాడు. నిజంగానే ఆగుతాడా? వాలీబాల్ పుట్టింది 1895లో. ఈ ప్రశ్నకు జవాబు అంతకు రెండున్నర శతాబ్దాల ముందే సిద్ధమైంది.

పడే వస్తువును నేరుగా కొలిచేందుకు గెలీలియో కాలంలో తగిన గడియారం లేదు. అందుకే ఆయన వాలుగా పెట్టిన చెక్కగాడిలో గుండును దొర్లించి పతనాన్ని నెమ్మదింపజేశాడు. సన్నధారగా కారిన నీటిని తూచి కాలాన్ని లెక్కగట్టాడు. (మల్కాపురానికి దగ్గరలోని షిప్‌యార్డులో 1948 మార్చి 14న ‘జలఉష’ నీటిలోకి జారిందీ వాలు మీదుగానే.) పడిన దూరం కాలవర్గానికి అనులోమానుపాతంలో ఉంటుందని ఆయన 1638లో ప్రచురించాడు.

ఈ సూత్రాన్ని ఆటగాడికి వర్తింపజేయండి. గాలి నిరోధాన్ని వదిలేస్తే, పైకి వెళ్లడానికి ఎంత కాలమో దిగడానికీ అంతే. 50 సెంటీమీటర్లు ఎగిరితే గాలిలో ఉండేది సుమారు 0.64 సెకను. ఒక మీటరు ఎగిరినా 0.90 సెకను మాత్రమే! పూర్తి సెకను ఉండాలంటే 1.22 మీటర్లకు పైగా ఎగరాలి. బరువుకు ఈ లెక్కలో చోటే లేదు.

మరి ఆగినట్టు ఎందుకు కనిపిస్తాడు? శిఖరం దగ్గర వేగం బాగా తగ్గుతుంది కనుక. ఎగిరిన ఎత్తులో పై నాలుగో వంతులోనే మొత్తం కాలంలో సగం గడుస్తుంది. అంటే మన 50 సెంటీమీటర్ల ఆటగాడు చివరి 12.5 సెంటీమీటర్లలోనే 0.32 సెకను ఉంటాడు. చూసేవారి కన్ను పూర్తిగా మోసపోలేదన్నమాట. అయితే నేల విడిచాక చేతులు ఎంత ఊపినా, కాళ్లు ఎంత ముడిచినా గరిమనాభి దారి మారదు.

ఈ గెంతును మనిషి సత్తువకు కొలతగా 1921లో ప్రతిపాదించినవాడు డడ్లీ సార్జెంట్. హార్వర్డ్ వ్యాయామశాలను ఏళ్ల తరబడి నడిపిన వైద్యుడాయన. గోడమీద సుద్దగుర్తులు పెట్టి, ఎగిరి అందిన ఎత్తులోంచి నిలబడి అందిన ఎత్తును తీసివేసే పరీక్షను నేటికీ ఆయన పేరుతోనే పిలుస్తారు. పొడవైనవారికి పుట్టుకతో వచ్చిన లాభం ఆ తీసివేతలో పోతుంది. నా దృష్టిలో ఈ పరీక్షలో మెచ్చుకోదగినది అదే.

ఇప్పుడు సెల్‌ఫోన్ వీడియోతో గాలిలో ఉన్న కాలాన్ని కొలిచి, దానినుంచి ఎత్తును లెక్కగడుతున్నారు. మీరూ ప్రయత్నించండి. కాకపోతే మోకాళ్లు ముడిచి దిగకండి. పాదం ఆలస్యంగా నేల తాకి, ఎగరని ఎత్తు కూడా మీ ఖాతాలో పడుతుంది.