సారథికి గడువు

నెల్లూరినుండి ఇందుకూరుపేట మీదుగా మైపాడు సముద్రతీరమునకు పోవు బాట నాకు చిరకాల పరిచితము. మొదట వరిమళ్లు, పిదప రొయ్యలగుంటలు, ఆపైని బకింగుహాము కాలువ, కాలువ దాటిన సరుగుడుతోపులు, వాని వెనుక సముద్రము. గడచిన కార్తికమున నొకనాటి మునిమాపు నేనా బాటను స్కూటరుపై వచ్చుచుండగా, ఎదురుగ వచ్చిన లారీదీపముల కాంతికి కన్నులు మిరుమిట్లు గొనినవి. చేపలగంప నెత్తిన పెట్టుకొని బాటయంచున పోవుచున్న యొక యిల్లాలిని మూరెడు దూరమున తప్పించితిని. ఆమె గంప దింపి, "చూసి తోలకూడదా అయ్యవారూ!" అనినది. నాకు మారుమాట తోచలేదు.

ఇల్లు చేరి లైసెన్సు తీసి చూచితిని. గడువు తీరుట కింకను నెలదినము లున్నవి. చట్టము లెక్కకు నేను సమర్థుడనే. ఆ యిల్లాలి లెక్కకు కాను. ఈ రెండు లెక్కలకు నడుమ నున్న యెడమును గూర్చియే నేటి నా ప్రసంగము.

బండి తోలువాని నేర్పును విచారించుట మనకు క్రొత్త గాదు. మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయమున దీనిని గూర్చిన ధర్మము కలదు. తోలువాని నేర్పులేమిచే బండి దారి తప్పి హాని చేసినచో యజమానునికి 200 పణముల దండనము. తోలువాడు నేర్పరియైనచో దండనము వానికే. ఇంతకన్న విశేషమేమనగా, నేర్పులేనివాడు తోలు బండి నెక్కినవారందఱికిని తలకు నూరేసి పణముల దండనము విధింపబడినది. అనగా అసమర్థుని చేతికి పగ్గము లిచ్చి కూర్చుండుటయు నేరమే యని స్మృతికారుని తాత్పర్యము. అయినను ఈ విచారణ యంతయు హాని జరిగిన పిమ్మటనే. బండి కట్టకమున్నే "నీకు తోలుట వచ్చునా?" యని యడుగు అధికారి అక్కడ కానరాడు.

ఎద్దుబండి నడకకును పడవ నడకకును అది చాలియుండవచ్చును. మన తీరమున పెద్ద రాకపోకలు కాలువమీదనే జరిగెడివి. 1806లో చెన్నపట్టణమున కుత్తరముగ త్రవ్వనారంభించిన యీ కాలువ క్రమముగ పెరిగి, 1876-78 నాటి కఱవుకాలమున కూలిపనిగ మఱికొంత త్రవ్వబడి, నాటి గవర్నరు బకింగుహాము ప్రభువు పేరు వహించినది. పెదగంజామునుండి మరక్కాణము వఱకు దీని నిడివి సుమారు 420 కిలోమీటర్లు. కాలువలను, రేవులను నియమములకు లోబఱచుటకు 1890లో మద్రాసు ప్రభుత్వము చట్టము చేసెను. 1899లో గూడూరు, నెల్లూరు, బెజవాడల మీదుగా రైలు నడచుటతో కాలువ ప్రాభవము తగ్గినది. దారి తప్పిన పడవ గట్టును తాకి యాగును. మోటారు అట్లు కాదు. ఱెప్పపాటున ప్రాణము తీయగలదు. కావుననే విచారణ ముందుగ జరుగవలసి వచ్చెను.

ఈ విషయమున ఇంగ్లండు చరిత్ర చిత్రమైనది. 1903 చట్టముచే మోటారు నడుపువారు లైసెన్సు తీసికొనవలసి వచ్చినను, దానికి పరీక్ష లేదు. అయిదు షిల్లింగు లిచ్చినవానికి లైసెన్సు దొరకెడిది, ఏటేట మార్చుకొనవలసియుండెడిది. నిర్బంధ పరీక్ష 1935లో గాని రాలేదు. మనదేశమున కంతకు వర్తించు మోటారు చట్టము 1914లో పుట్టినది. దానికి మాఱుగా వచ్చిన 1939 చట్టమున లైసెన్సు 12 మాసములే చెల్లెడిది. నాడు నెల్లూరు మద్రాసు రాజధానిలోనిది. ఏడాది తిరుగగనే లైసెన్సుదారు మరల అధికారి మ్రోల నిలువవలసినదే.

పిమ్మట గడువు పెరుగుచు వచ్చినది. 1988 చట్టము సొంతవాహనము నడుపువారికి 20 సంవత్సరముల వఱకు గడువు నొసగెను. 2019 సవరణ ప్రకారము 30 ఏండ్లకు లోబడినవాని లైసెన్సు 40 ఏండ్లు నిండు వఱకు చెల్లును. 18వ యేట తీసికొన్నవానిని 22 సంవత్సరములు ఎవ్వరు నడుగరన్నమాట. 30 దాటి 50 లోపువానికి 10 సంవత్సరములు. 50 దాటి 55 లోపువానికి 60 నిండు వఱకు. ఆపై 5 సంవత్సరములు. పూర్వము గడువు తీరిన పిదపకూడ 30 దినములు లైసెన్సు చెల్లెడిది. ఆ వెసులుబాటు 2019లో తొలగినది. అయితే నవీకరణమునకు గడువునకు ముందొక యేడు, తరువాత నొక యేడు అవకాశ మీయబడినది. ఆ యేడును దాటినచో మరల నడిపి చూపి నెగ్గవలసినదే. 40 నిండినవారు వైద్యుని ధ్రువపత్రము జతపఱుపవలెను.

గడువులు పెంచుటలో ప్రజలకు సౌకర్యము కలదు, కాదనను. బాటసారి భద్రతకై ఈ పత్రము పుట్టినదన్న మాటను మాత్రము మఱువరాదు. మన కంటిచూపు సవరణలను చదివి తగ్గదు. చట్టము పదేండ్ల కొకమాఱు అడుగు ప్రశ్నను మనము బండి తీయునపుడెల్ల అడుగుకొనవలసియున్నది. మనుస్మృతి బండి నెక్కినవారిని గూడ దండించినది గదా! తాతగారి చూపు మందగించినదని యెఱిగియు వారి వెనుక కూర్చుండి పోవు మనుమలును, "నాయనా, ఇక చాలునేమో" యని పలుకజాలని కొడుకులును ఆ ధర్మమును తలచుకొనవలెను.

నా విషయము చెప్పి ముగించెదను. నా వయస్సు 66. ధ్రువపత్రమునకై నేత్రవైద్యునికడ కేగితిని. ఆయన పరీక్షించి, రెండు కన్నులకును శుక్లములు వచ్చినవనియు, శస్త్రచికిత్స జరుగకుండ సంతకము చేయజాలననియు చెప్పెను. బ్రతిమాలవలెనని నాలుకవఱకు వచ్చినది. అంతలో బాటయంచున గంప దింపి నిలిచిన యిల్లాలు కన్నులయెదుట మెదలినది. సరేయని లేచితిని. స్కూటరు తాళము కోడలి చేతి కిచ్చితిని. చికిత్స జరిగి వైద్యుడు సంతకము చేయువఱకు మైపాడునకు బస్సులోనే పోవుచుందును.