లెక్కలోకి రాని ఆట: షార్ట్‌స్టాప్ ఆర్టీ విల్సన్

అమెరికా వాళ్ల బేస్‌బాల్ రికార్డు పుస్తకాల్లో ఆర్టీ విల్సన్ అనే ఆటగాడి పేరుకి ఎదురుగా చాలా ఏళ్లు ఒకే ఒక్క వరుస ఉండేది. సంవత్సరం 1951. జట్టు న్యూయార్క్ జెయింట్స్. ఆడినవి 19 ఆటలు. బ్యాటు పట్టింది 22 సార్లు. కొట్టిన హిట్లు 4. సగటు 0.182. ఈ వరుస చూసినవాళ్లు ఎవరైనా ‘వచ్చాడు, ఆడలేకపోయాడు, పోయాడు’ అనే అనుకుంటారు. కానీ ఇదే మనిషి 1948లో ఒక లీగులో 0.402 సగటుతోనూ, 1949లో ఇంకో లీగులో 0.348 సగటుతోనూ అందరికంటే ముందు నిలిచాడు. ఒకే మనిషికి ఇన్ని రకాల లెక్కలు ఎలా వచ్చాయి? ఏ లెక్క పెద్ద పుస్తకంలోకి ఎక్కింది, ఏది ఎక్కలేదు, ఎందుకని? మా సాంఘికశాస్త్రం సార్ ఎప్పుడూ ‘ఏ పట్టిక చూసినా ముందు దాన్ని రాసింది ఎవరో అడగండి’ అని చెప్తుంటారు. ఆ ప్రశ్నే పట్టుకొని ఈ వ్యాసం రాస్తున్నాను.

షార్ట్‌స్టాప్ అంటే ఎవరు?

మనకి క్రికెట్ తెలిసినంత బాగా బేస్‌బాల్ తెలీదు కాబట్టి ముందు కొంచెం ఆట గురించి చెప్తాను. బేస్‌బాల్ మైదానంలో నాలుగు మూలలు ఉంటాయి. ఒక మూల బ్యాటు పట్టుకొని నిలబడే చోటు. మిగతా మూడూ ఒకటో బేస్, రెండో బేస్, మూడో బేస్. ఒక మూల నుంచి ఇంకో మూలకి 90 అడుగుల దూరం. బంతిని కొట్టినవాడు వీటన్నిటినీ చుట్టి మళ్లీ మొదటి చోటుకి వస్తే ఒక పరుగు.

రెండో బేస్‌కీ మూడో బేస్‌కీ మధ్య నిలబడే ఫీల్డర్‌ని షార్ట్‌స్టాప్ అంటారు. కుడిచేతి వాటం వాళ్లు గట్టిగా కొట్టిన బంతులు ఎక్కువగా ఆ వైపే దూసుకొస్తాయి. నేలమీద ఎగిరెగిరి వచ్చే బంతిని వంగి అందుకొని, కొట్టినవాడు ఒకటో బేస్ చేరేలోపల అంత దూరం విసరాలి. కన్ను, కాలు, చెయ్యి మూడూ చురుగ్గా ఉండాలి. అందుకే జట్టులో మంచి ఫీల్డర్‌నే అక్కడ పెడతారు.

బ్యాటింగ్ సగటు లెక్క కూడా క్రికెట్‌లాగ ఉండదు. బ్యాటు పట్టినవాటిలో ఎన్నిసార్లు హిట్ కొట్టి బేస్ చేరాడో చూస్తారు. పదిసార్లలో మూడుసార్లు కొడితే సగటు 0.300. అలా కొట్టినవాణ్ణి మంచి బ్యాటర్ అంటారు. పదిలో నాలుగు కొట్టేవాళ్లు చాలా అరుదు. పెద్ద లీగుల్లో 1941లో టెడ్ విలియమ్స్ 0.406 కొట్టాడు. నీగ్రో లీగుల లెక్కల్ని పక్కన పెడితే, ఆ తర్వాత అక్కడ ఇప్పటిదాకా ఇంకెవరూ ఒక సీజన్‌లో 0.400 అందుకోలేదు.

ఇనుము ఊరు, తెగిన వేలు

విల్సన్ 1920 అక్టోబర్ 28న అలబామా రాష్ట్రంలో స్ప్రింగ్‌విల్ అనే చిన్న ఊర్లో పుట్టాడు. దగ్గర్లోని పెద్ద నగరం బర్మింగ్‌హామ్. మనం భూగోళంలో జంషెడ్‌పూర్ గురించి చదువుకుంటాం కదా, అలాంటిదే ఈ ఊరు కూడా. ఇనుప ఖనిజం, బొగ్గు, సున్నపురాయి మూడూ దగ్గర దగ్గరే దొరకడంతో అక్కడ ఉక్కు, ఇనుము ఫ్యాక్టరీలు వచ్చాయి. ఆ ఫ్యాక్టరీలకి సొంత బేస్‌బాల్ జట్లు ఉండేవి. వారమంతా పని, సెలవు దొరికితే ఆట.

అలాంటి ఒక పోతపైపుల ఫ్యాక్టరీలో విల్సన్ పని చేస్తూ, దాని జట్టులో ఆడాడు. అక్కడే పని చేస్తుండగా యంత్రం దగ్గర ప్రమాదం జరిగి కుడిచేతి బొటనవేలు కొంత తెగిపోయింది. షార్ట్‌స్టాప్ బంతిని విసరాల్సింది ఆ చేత్తోనే. బంతి పట్టుకోవడానికి బొటనవేలు ఎంత అవసరమో ఒకసారి వేలు మడిచి విసిరి చూస్తే తెలుస్తుంది. అయినా ఆయన ఆ స్థానం వదల్లేదు. మిగిలిన వేళ్లతోనే విసరడం నేర్చుకున్నాడు.

ఒకే మైదానం, రెండు జట్లు

ఆ రోజుల్లో అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో నల్లవాళ్లనీ తెల్లవాళ్లనీ చట్టం పెట్టి మరీ విడదీశారు. బళ్లు వేరు, బస్సులో సీట్లు వేరు, తాగే నీళ్ల కుళాయి వేరు. బర్మింగ్‌హామ్ నగరంలో అయితే నల్లవాళ్లూ తెల్లవాళ్లూ కలిసి పేకాట, చెకర్స్ లాంటివి కూడా ఆడకూడదని చట్టం ఉండేది. బల్లమీద గళ్ల ఆటకే ఇంత అడ్డం పెడితే మైదానం సంగతి చెప్పనక్కర్లేదు.

పెద్ద లీగుల్లో నల్లవాళ్లని చేర్చుకునేవాళ్లు కాదు. రాసి పెట్టుకున్న నియమం అక్కర్లేదు, అందరూ ఒక మాట మీద ఉంటే చాలు కదా. అందుకని నల్లవాళ్లు సొంతంగా లీగులు పెట్టుకున్నారు. వాటిని నీగ్రో లీగులు అనేవాళ్లు. ఇప్పుడు ఆ మాట మనుషుల్ని పిలవడానికి వాడకూడదు, లీగుల పేరుగా మాత్రం చరిత్రలో మిగిలింది.

బర్మింగ్‌హామ్‌లో రిక్‌వుడ్ ఫీల్డ్ అనే మైదానం ఉంది. 1910లో కట్టారు. అక్కడ తెల్లవాళ్ల జట్టు బారన్స్, నల్లవాళ్ల జట్టు బ్లాక్ బారన్స్, రెండూ ఆడేవి. కానీ ఒకళ్ల మీద ఒకళ్లు కాదు, వేరు వేరు రోజుల్లో. విల్సన్ 1944 నుంచి 1948 దాకా బ్లాక్ బారన్స్‌కి షార్ట్‌స్టాప్‌గా ఆడాడు. అంటే తన 23 ఏళ్ల వయసు నుంచి 27 దాకా. ఆటగాడికి ఒంట్లో సత్తువ బాగా ఉండే వయసు అది.

1948లో ఆయన సగటు 0.402 అని ఆ లీగు లెక్కలు చెప్తాయి. ఆ ఏడాదే బ్లాక్ బారన్స్‌లోకి 17 ఏళ్ల బడి కుర్రాడు ఒకడు వచ్చాడు. పేరు విల్లీ మేస్. బేస్‌బాల్ చరిత్రలోనే అందరికంటే గొప్ప ఆటగాళ్లలో ఒకడిగా తర్వాత పేరు తెచ్చుకున్నది ఆ మేసే. అప్పటికి మాత్రం చిన్నవాడు. విల్సన్ లాంటి పెద్దవాళ్లు అతన్ని కనిపెట్టుకొని ఉండి ఆట నేర్పారు. ఆ ఏడాది వాళ్ల జట్టు తమ లీగు గెలిచింది. చివరి పోటీలో హోమ్‌స్టెడ్ గ్రేస్ జట్టు చేతిలో ఓడిపోయింది.

పడమటి తీరంలో

1947 ఏప్రిల్ 15న జాకీ రాబిన్సన్ బ్రూక్లిన్ డాడ్జర్స్ తరఫున దిగడంతో పెద్ద లీగుల తలుపు తెరుచుకుంది. కానీ తలుపు తియ్యడం వేరు, అందర్నీ లోపలికి రానివ్వడం వేరు. చాలా జట్లు ఏళ్ల తరబడి ఒక్క నల్ల ఆటగాణ్ణి కూడా తీసుకోలేదు.

1949లో విల్సన్ కోసం క్లీవ్‌లాండ్, న్యూయార్క్ యాంకీస్ అనే రెండు పెద్ద జట్లు పోట్లాడుకున్నాయి. పంచాయితీ బేస్‌బాల్ కమిషనర్ దాకా వెళ్లింది. తీర్పు యాంకీస్ వైపు వచ్చింది. అంత పోట్లాడి గెలుచుకున్న యాంకీస్ ఆయన్ని తమ జట్టులో ఆడించనే లేదు. కాలిఫోర్నియాలోని ఓక్లాండ్ జట్టుకి ఇచ్చేశారు. అది పసిఫిక్ కోస్ట్ లీగు అనే మైనర్ లీగు జట్టు. మైనర్ లీగు అంటే పెద్ద లీగుకి కింది మెట్టు.

అప్పట్లో పెద్ద లీగు జట్లన్నీ దేశానికి తూర్పు సగంలోనే ఉండేవి. వాటిలో బాగా పడమరగా ఉన్న ఊరు సెయింట్ లూయిస్. దాన్ని దాటి పసిఫిక్ సముద్రం దాకా ఉన్న జనానికి ఈ లీగే పెద్ద లీగు. పెద్ద లీగుల్లో ఏడాదికి 154 ఆటలైతే, ఇక్కడ 1950లో దాదాపు 200 ఆటలు ఆడారు. ప్రయాణాల్లో విల్సన్‌తో ఒకే గదిలో ఉన్నది బిల్లీ మార్టిన్ అనే తెల్ల కుర్రాడు, తర్వాత యాంకీస్‌కి మేనేజర్ అయినవాడు. బర్మింగ్‌హామ్‌లో వీళ్లిద్దరూ ఒక బల్ల దగ్గర కూర్చొని చెకర్స్ ఆడినా నేరమే.

1949లో ఆ లీగు మొత్తంలో ఎక్కువ సగటు 0.348 విల్సన్‌దే, ఎక్కువ బేస్‌లు దొంగిలించింది కూడా ఆయనే, 47. బేస్ దొంగిలించడం అంటే బంతి విసిరేవాడి కన్నుగప్పి తర్వాతి బేస్‌కి పరిగెత్తడం. మరుసటి ఏడాది ఓక్లాండ్ లీగు గెలిచింది.

ఆ 22 సార్లు

1951లో న్యూయార్క్ జెయింట్స్ పిలిచేసరికి విల్సన్‌కి 30 ఏళ్లు. ఆ జట్టులో షార్ట్‌స్టాప్ స్థానంలో ఆల్విన్ డార్క్, రెండో బేస్ దగ్గర ఎడ్డీ స్టాంకీ పాతుకుపోయి ఉన్నారు. విల్సన్ ఎక్కువగా బెంచీ మీద కూర్చోవాల్సి వచ్చింది. పిలిచినప్పుడు లేచి ఒకసారి బ్యాటు పట్టడం, మళ్లీ కూర్చోవడం. దీనికి తోడు డాడ్జర్స్ మేనేజర్ చార్లీ డ్రెస్సెన్ అంతకుముందు ఓక్లాండ్‌లో విల్సన్‌కి మేనేజరే. ఎడమచేతి వాటంతో ఆడే విల్సన్ కుడివైపుకి కాకుండా ఎడమవైపుకే కొడతాడని ఆయనకి బాగా తెలుసు. అందుకే విల్సన్ దిగినప్పుడు కుడివైపు దూరంగా ఉండే ఫీల్డర్‌ని లోపలికి పిలిచి, అటువైపు మైదానం దాదాపు ఖాళీగా వదిలేశాడు. కొడితే కొట్టు అన్నట్టు.

మే నెలలో జెయింట్స్‌కి విల్లీ మేస్‌ని పిలవాల్సి వచ్చింది. ఒక జట్టులో నల్ల ఆటగాళ్లు ఇంతమందికి మించకూడదనే నోటిమాట లెక్క ఒకటి అప్పట్లో ఉండేదని చరిత్రకారులు రాశారు. తనని కిందికి పంపించి మేస్‌ని తెచ్చుకోమని తానే మేనేజర్ లియో డ్యూరోషర్‌కి చెప్పానని విల్సన్ తర్వాత చెప్పుకున్నాడు. 1951 మే 25న మేస్ పెద్ద లీగులో మొదటి ఆట ఆడాడు. విల్సన్ మళ్లీ ఎప్పుడూ పెద్ద లీగులో ఆడలేదు.

ఆ తర్వాత సియాటిల్‌లో మూడేళ్లు ఆడి, ప్రతి ఏడాదీ 0.300 దాటాడు. పోర్ట్‌లాండ్‌లోనూ ఆడాడు. ఆట మానేసిన కొన్నేళ్లకి 1962లో, 41 ఏళ్ల వయసులో మళ్లీ కొన్ని ఆటలు ఆడాడు. తర్వాత పోర్ట్‌లాండ్‌లోనే ఒక కార్ల షోరూమ్‌లో 30 ఏళ్లకి పైగా కార్లు అమ్మాడు. 2010 అక్టోబర్ 31న, 90 ఏళ్లు నిండిన మూడో రోజున చనిపోయాడు.

పుస్తకం మారింది

2020 డిసెంబర్‌లో అమెరికా బేస్‌బాల్ సంస్థ, 1920 నుంచి 1948 దాకా జరిగిన నీగ్రో లీగుల్ని కూడా పెద్ద లీగులుగా ఒప్పుకుంది. 2024 మే నెలలో ఆ లెక్కల్ని అధికార రికార్డుల్లో కలిపింది. ఆ లీగుల ఆటలన్నిటికీ స్కోరు కాగితాలు దొరకవు. పాత పత్రికలు తిరగేసి పరిశోధకులు ఒక్కో ఆటా ఏరుకొచ్చారు. ఇంకా దొరికేకొద్దీ అంకెలు కొంచెం అటూఇటూ మారుతూనే ఉంటాయి. అదే ఏడాది జూన్ 20న రిక్‌వుడ్ ఫీల్డ్‌లో పెద్ద లీగు ఆట ఒకటి పెట్టారు. దానికి రెండు రోజుల ముందే విల్లీ మేస్ 93 ఏళ్ల వయసులో చనిపోయాడు. ఈ మార్పు చూడడానికి విల్సన్ అప్పటికే లేడు.

ఈ సంగతి మా తరగతిలో చెప్తే ఒక స్నేహితుడు, ‘అలా ఐతే ఓక్లాండ్, సియాటిల్ లెక్కలు కూడా కలపమంటావా? కింది లీగులో బంతి విసిరేవాళ్లు అంత గొప్పవాళ్లు కాదు కదా’ అన్నాడు. న్యాయమైన మాటే. జిల్లా పోటీల్లో చేసిన సెంచరీని రంజీ సెంచరీతో కలిపి ఎవరూ లెక్కపెట్టరు. ఆ లెక్కలు కలపమని నేను కూడా అనను. నేను అనేది ఇంతే. 23 నుంచి 27 ఏళ్ల దాకా పరీక్షకి కూర్చోనివ్వకుండా, 30 ఏళ్లకి పిలిచి 22 ప్రశ్నలు అడిగి, వచ్చిన మార్కుల్ని చూసి ‘ఇతనికి ఇంతే వచ్చు’ అనడం సరైన లెక్క కాదు. 0.182 అనేది అబద్ధం కాదు. కానీ దాని పక్కన 0.402, 0.348 కూడా కనిపిస్తేనే ఆ మనిషి ఎవరో తెలుస్తుంది. ‘మైనర్’ అనే మాట లీగుకి పెట్టిన పేరు, అందులో ఆడిన మనిషికి పెట్టింది కాదు.

నాకు ఇంకో సంగతి కూడా అర్థమైంది. బ్లాక్ బారన్స్ ఆటల్ని ఆ రోజుల్లో నల్లవాళ్ల పత్రికలవాళ్లు వెళ్లి చూసి రాయబట్టే 70 ఏళ్ల తర్వాతైనా వాటిని కలపగలిగారు. రాయని ఆటని ఎంత పెద్ద సంస్థ తల్చుకున్నా కలపలేదు. మనది చిన్న బడి. మన ఖోఖో, కబడ్డీ పోటీల సంగతి పత్రికల్లో రాదు. ఎవరు గెలిచారో రెండేళ్ల తర్వాత అడిగితే సీనియర్ అన్నలకి, అక్కలకి కూడా సరిగ్గా గుర్తుండదు. అందుకని ఈ ఏడాది నుంచి మన బడి ఆటలకి ఒక స్కోరు నోటుబుక్కు పెడదామని మా తరగతి తరఫున పీఈటీ సార్‌ని అడుగుతున్నాను. తేదీ, ఆడినవాళ్ల పేర్లు, పాయింట్లు, అన్నీ తెలుగులో రాద్దాం. మొదటి పేజీ రాయడానికి నేను రెడీ.