ఏడోవాడి కేసు

సంక్రాంతికి చీపురుపల్లి వెళ్ళినప్పుడు మా వీధిలో ఒక పెద్దాయన ఫైలు పట్టుకుని వచ్చాడు. కంప్యూటర్ ఉద్యోగం చేసేవాడికి లోకంలో కాగితాలన్నీ అర్థమవుతాయని మా ఊళ్ళో ఒక నమ్మకం లెండి. "ఆ ఆరుగురికీ కేసు కొట్టీసినారు గదా బాబూ, మరి నా ఒక్కడి మీదే ఎలాగుండిపోనాది?" అన్నాడు.

సంగతేంటంటే, ఎప్పుడో పొలం గట్టు తగాదాలో ఏడుగురి మీద కేసు పెట్టారు. ఈయన ఏ-7. తర్వాత పని కోసం గల్ఫ్ వెళ్ళిపోయాడు. ఈయన కేసు విడదీసి మిగతా ఆరుగురినీ విచారించారు. సాక్షులు అడ్డం తిరిగారు, ఆరుగురూ నిర్దోషులయ్యారు. ఏడోవాడి మీద వారంటు మాత్రం అలాగే ఉండిపోయింది. పాస్‌పోర్టు రెన్యువల్‌కి వెళితే బయటపడింది.

మనలాంటివాళ్ళకి ఇది పెద్ద బగ్ లాగా కనిపిస్తుంది. ఒకటే సంఘటన, ఒకటే ఛార్జిషీటు, అవే సాక్షులు. ఫలితం మారకూడదు కదా! నేనూ అలాగే అనుకుని పాత తీర్పులు చదవడం మొదలుపెట్టాను.

దీని మూలం 1872లో ఉంది. జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ రాసిన సాక్ష్యాధారాల చట్టం ప్రకారం, కొన్ని మినహాయింపులు తప్పిస్తే, ఒక విచారణలో వచ్చిన తీర్పు మరొకరి విచారణలో సాక్ష్యం కాదు. రాజన్ రాయ్ అనే బీహార్ కేసులో 2005లో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. తోటి నిందితుల్ని వేరే విచారణలో వదిలేశారన్నది నీకు పనికిరాదు పొమ్మంది.

మొదట ఒళ్ళు మండింది. తర్వాత ఆలోచిస్తే ఇంకో వైపు కనబడింది. ఆ ఆరుగురికీ శిక్ష పడి ఉంటే? ఆ తీర్పు కాగితం చూపించి ఈయన్ని జైల్లో వెయ్యకుండా కాపాడేదీ ఇదే సూత్రం! ఎవరి కేసు వాళ్ళదే. కత్తికి రెండు వైపులా పదునే అన్నమాట.

అయితే కొన్ని నేరాలు ఒక్కడి వల్ల అయ్యేవి కావు. కుట్ర అలాంటిదే. మా వైపు ఆ మాట కొత్త కాదు. 1979లో విజయనగరం జిల్లా ఏర్పడేదాకా చీపురుపల్లి శ్రీకాకుళం జిల్లాలోనే ఉండేది. ఆ జిల్లా గిరిజన ఉద్యమం మీద పెట్టిన పార్వతీపురం కుట్ర కేసులో కాను సన్యాల్ ఏళ్ళ తరబడి విశాఖ జైల్లో ఉన్నాడు. కుట్ర అంటే కనీసం ఇద్దరుండాలి. అందుకే తోపన్‌దాస్ కేసులో 1955లో సుప్రీంకోర్టు, కుట్రదారులని చెప్పిన మిగతావాళ్ళందరూ నిర్దోషులైతే మిగిలిన ఒక్కడు తనతో తానే కుట్ర పన్నలేడని తేల్చింది. కొట్లాట కేసుల్లో పెట్టే 149 సెక్షన్ కూడా ఇంతే, దానికి కనీసం అయిదుగురు కావాలి. పేర్లు తెలియనివాళ్ళు ఇంకా ఉన్నారని చెప్పకపోతే, ఆరుగురు పోయాక ఏడోవాడు ఒక్కడే గుంపు ఎలా అవుతాడు? కాకపోతే, తన చేత్తో తాను కొట్టాడన్న ఆరోపణ ఉంటే అది వేరుగా మిగిలే ఉంటుంది.

ఇక కేసునే కొట్టేయడం. హైకోర్టుకి స్వతహాగా ఉన్న ఈ అధికారాన్ని 1923లో 561-ఏ సెక్షన్‌గా రాశారు. 1973 స్మృతిలో అది 482 అయింది, 2024 జులై 1 నుంచి కొత్త చట్టంలో 528. దీని కింద బాగా తెలిసిన ఉదాహరణ బ్యాడ్మింటన్ ఛాంపియన్ సయ్యద్ మోదీ హత్య కేసు. 1988లో లక్నోలో ఆయన్ని కాల్చి చంపారు. కుట్రకి మూలమని చెప్పిన వ్యక్తినే కోర్టు వదిలేసి, అది ఖాయమైపోయాక, అదే కుట్రలో ఇంకొకరి మీద కేసు నడపడంలో అర్థం లేదని హైకోర్టు కొట్టేసింది. సీబీఐ సుప్రీంకోర్టుకి వెళ్ళినా ఫలితం మారలేదు.

అంటే తేడా ఇదీ: కథకి పునాదే కూలిపోతే మిగిలినవాడి కేసు నిలబడదు. సాక్షులు నోరు విప్పకపోవడం వల్ల వచ్చిన విడుదల అయితే అంత బలం ఉండదు.

ఇవన్నీ చెబితే పెద్దాయన ఒకటే అడిగాడు, "మరి దీనికి నానేటి సెయ్యాలి?" లాయర్ని పెట్టుకుని అమరావతిలో హైకోర్టుకి వెళ్ళాలి. లేదా ఇక్కడే వారంటు రద్దు చేయించుకుని, మళ్ళీ మొదట్నించీ విచారణకి నిలబడాలి. పారిపోయినవాడికి సానుభూతి ఎందుకంటారా? నిజమే, ఈయన వాయిదాలకి రాలేదు, ఆ తప్పు ఈయనదే. కానీ కోర్టు అనుమతితో కేసు ఉపసంహరించుకునే వీలు ప్రభుత్వ న్యాయవాదికి చట్టంలో ఎప్పటినుంచో ఉంది. ఆరుగురి తీర్పు వచ్చిన రోజే ఏడో ఫైలు కూడా తెరిచి, ఇందులో ఇంకేమైనా మిగిలిందా అని ఒక్కసారి చూడటం ఒక పద్ధతిగా ఎందుకు పెట్టకూడదు?

నా మటుకు నాకు, ఎవరి కేసు వాళ్ళదే అన్న సూత్రం సరైనదే అనిపిస్తోంది. సరిగ్గా లేనిదల్లా ఆ ఫైలుని ఎవరూ తెరవకపోవడం.