లాంగ్ జాన్ కాలి జాడ

ఓడదొంగ బొమ్మ గీయమని ఏ పిల్లవాడి చేతికి కాగితం ఇచ్చినా రెండు సంగతులు మాత్రం మరిచిపోడు. ఒకటి భుజం మీద చిలుక, రెండు కర్రకాలు. ఈ రెండూ మన ఊహలో ఇంత గట్టిగా నాటుకోవడానికి పెద్ద కారణం రాబర్ట్ లూయీ స్టీవెన్‌సన్ రాసిన 'ట్రెజర్ ఐలండ్'. నండూరి రామమోహనరావు దాన్ని 'కాంచనద్వీపం'గా తెలుగు పిల్లలకి అందించారు. అందులోని ఓడ వంటవాడు లాంగ్ జాన్ సిల్వర్‌ని ఒకసారి చదివినవాళ్ళు మళ్ళీ మరిచిపోలేరు.

అయితే ఆ పుస్తకాన్ని ఈసారి కాస్త నెమ్మదిగా చదవండి. కుర్రవాడు జిమ్ హాకిన్స్ మొదటిసారి చూసినప్పుడు సిల్వర్‌కి కర్రకాలు లేదు. ఎడమకాలు తుంటి దాకా తీసేశారు. చంకలో కర్ర ఆనించుకుని ఎంతో చురుగ్గా గెంతుతూ తిరుగుతుంటాడు. మరి మన బొమ్మలోకి కర్రకాలు ఎలా వచ్చింది? అసలు పోయిన ఆ కాలు ఎవరిది? ఈ చిక్కుముడి విప్పుతూ పోతే దారి స్కాట్లండ్‌లో మొదలై, ఒక ఆసుపత్రి మంచం పక్కనుంచి, మడగాస్కర్ దగ్గరి దీవి మీదుగా చివరికి మన చెన్నపట్నం కోట దాకా వస్తుంది.

మొదటి ఆనవాలు: స్నేహితుడికి రాసిన ఉత్తరం

1881 వేసవి చివర స్టీవెన్‌సన్ కుటుంబం స్కాట్లండ్‌లోని బ్రేమార్‌లో ఉంది. బయట వదలని వాన. సవతి కొడుకు లాయిడ్‌కి అప్పుడు పదమూడేళ్ళు. అతనితో రంగులు కలుపుతూ స్టీవెన్‌సన్ ఒక దీవి పటం గీశాడు. ఆ పటంలోంచే కథ పుట్టింది. రోజుకో అధ్యాయం రాసి ఇంట్లో అందరికీ చదివి వినిపించేవాడు. లైట్‌హౌస్‌లు కట్టే ఇంజనీరైన అతని తండ్రి కూడా పిల్లవాడిలా కూర్చుని విన్నాడు. ఆ అక్టోబరు నుంచి 'యంగ్ ఫోక్స్' పత్రికలో సీరియల్‌గా వచ్చింది, 1883 నవంబరులో పుస్తకమైంది. స్టీవెన్‌సన్ మొదట పెట్టుకున్న పేరు 'ఓడ వంటవాడు'. అంటే అతని మనసులో కథకి కేంద్రం నిధి కాదు, సిల్వర్.

పుస్తకం వచ్చిన ఏడాదే స్టీవెన్‌సన్ తన స్నేహితుడు, కవి విలియం ఎర్నెస్ట్ హెన్లీకి ఒక ఉత్తరంలో రహస్యం చెప్పేశాడు. అవయవం పోయినా తగ్గని నీ బలాన్ని, నలుగురినీ శాసించే నీ తీరును చూసే సిల్వర్ పుట్టాడన్నది దాని సారం. హెన్లీకి ఎముకల క్షయ వచ్చి ఎడమకాలు మోకాలి కింద తీసేశారు. రెండో కాలైనా దక్కించుకోవాలని ఎడింబరా ఆసుపత్రిలో జోసెఫ్ లిస్టర్ అనే గొప్ప వైద్యుడి దగ్గర నెలల తరబడి పడి ఉన్నాడు. 1875లో స్టీవెన్‌సన్ అతన్ని మొదట చూసింది అక్కడే. విశాలమైన భుజాలు, ఎర్రటి గడ్డం, గది దద్దరిల్లే నవ్వు, చేతిలో చంకకర్ర: హెన్లీని ఎరిగినవాళ్ళు గుర్తు చేసుకునే రూపం ఇది.

ఎడమకాలు సరిపోయింది. చంకకర్రా సరిపోయింది. చిక్కు విడిపోయినట్టే కనిపిస్తుంది. కానీ హెన్లీ కవి, సంపాదకుడు. ఓడదొంగల మధ్య నిలబడి కత్తి దూసే మనిషి అతనిలోంచి రాడు. ఆ సగం వెతకాలి.

రెండో ఆనవాలు: ఆపిల్ పీపాలో విన్న మాట

నవలలో పదకొండో అధ్యాయం. జిమ్ ఆపిల్ పండు కోసం పీపాలోకి దిగి, అక్కడే దాక్కుని సిల్వర్ మాటలన్నీ వింటాడు. సిల్వర్ తన పాత రోజులు చెప్పుకుంటూ, ఓడదొంగల నాయకుడు ఫ్లింట్ ఓడలో తాను క్వార్టర్‌మాస్టర్‌గా ఉన్నానంటాడు. ఆ సందర్భంలోనే తన 'కర్రకాలు' మాట ఎత్తుతాడు.

రచయిత ఇక్కడ తడబడ్డాడు. తుంటి దాకా కాలు లేక చంకకర్రతో నడిచే మనిషి నోట కర్రకాలు ఎందుకు వచ్చింది? హెన్లీ కూడా కర్రకాలు వాడినవాడే కాబట్టి ఈ ఒక్క మాట పట్టుకుని ఏదీ తేల్చలేం. కానీ ఆ మాట చుట్టూ ఉన్న పేర్లు చూడండి. తన కాలు తీసిన వైద్యుణ్ణి తరువాత కోర్సో కోటలో ఉరి తీశారని సిల్వర్ చెబుతాడు. అది ఆఫ్రికా పశ్చిమ తీరంలోని కేప్ కోస్ట్ కోట. 1722లో బార్తొలొమ్యూ రాబర్ట్స్ ముఠాలో 52 మందిని నిజంగా అక్కడే ఉరి తీశారు. వాళ్ళలో ముఠా వైద్యుడు పీటర్ స్కడమోర్ కూడా ఉన్నాడు. ఇంకో రెండు వాక్యాల దూరంలో 'కసాండ్రా' అనే ఓడ పేరు, ఇంగ్లండ్ అనే దొంగల నాయకుడి పేరు, మలబారు పేరు వస్తాయి. ఇవేవీ ఊహలోంచి వచ్చినవి కావు.

మూడో ఆనవాలు: చిలుక తిరిగిన ఊళ్ళు

సిల్వర్ చిలుక సాక్ష్యం కూడా తీసుకుందాం. ఆ చిలుక మడగాస్కర్ చూసిందట, మలబారు చూసిందట, గోవా నుంచి బయలుదేరిన వైస్రాయి ఓడను దొంగలు ఎక్కినప్పుడు అక్కడే ఉందట. 1721 ఏప్రిల్‌లో గోవా నుంచి పోర్చుగీసు వైస్రాయి స్వదేశానికి వెళుతున్న ఓడ తుపానులో దెబ్బతిని, ఇప్పుడు రీయూనియన్ అని పిలిచే దీవి దగ్గర ఆగింది. దొంగలు వచ్చి దాన్ని పట్టుకున్నారు. వాళ్ళు వచ్చిన ఓడల్లో ఒకటి కసాండ్రా.

అయితే సిల్వర్ లెక్కల్లో తప్పులున్నాయి. వైస్రాయిని పట్టుకున్నది ఇంగ్లండ్ అని అతను చెబుతాడు. నిజంలో అప్పటికే ముఠా ఇంగ్లండ్‌ను నాయకత్వం నుంచి దించేసింది. ఓడ జాన్ టేలర్ చేతిలో ఉంది. వయసు కూడా కుదరదు. తనకి యాభై ఏళ్ళని సిల్వర్ అంటాడు. నవలలోని దీవి పటం మీద ఉన్న తేదీ 1754, కథ ఆ తరువాతిది. అంటే వైస్రాయి ఓడ పట్టుబడిన 1721 నాటికి సిల్వర్‌కి పదిహేడేళ్ళు మించవు.

ఇలాంటి తప్పులే వెతికేవాడికి దారి చూపిస్తాయి. చరిత్రను పక్కన పెట్టుకుని తేదీలు సరిచూస్తూ రాసినవాడు ఇవి చేయడు. ఒక పుస్తకాన్ని ఆశగా చదివి, అందులోని పేర్ల రుచి నాలుక మీద ఉండగానే రాసినవాడు చేస్తాడు. ఆ పుస్తకం ఏదో స్టీవెన్‌సన్ దాచుకోలేదు. 1884లో ఇంకో స్నేహితుడికి రాస్తూ, తన నవల కెప్టెన్ జాన్సన్ రాసిన ఓడదొంగల చరిత్రలోంచి వచ్చిందని ఒప్పుకున్నాడు. 1724లో లండన్‌లో అచ్చయిన పుస్తకం అది. అందులో ఇంగ్లండ్ అధ్యాయం తీస్తే మనం వెతుకుతున్న మనిషి కనిపిస్తాడు.

నాలుగో ఆనవాలు: కసాండ్రా మీద జరిగింది

1720 ఆగస్టు. ఆఫ్రికాకీ మడగాస్కర్‌కీ మధ్య కొమొరో దీవుల్లో ఒకటైన జొహానా. అక్కడ లంగరేసిన ఈస్టిండియా కంపెనీ ఓడ కసాండ్రా, దాని కెప్టెన్ జేమ్స్ మెక్రే. ఇంగ్లండ్, టేలర్ నడిపే రెండు దొంగ ఓడలు వచ్చి మీద పడ్డాయి. తోడు నిలవాల్సిన మరో కంపెనీ ఓడ తన దారి తాను చూసుకుంది. మెక్రే గంటల తరబడి ఒంటరిగా పోరాడాడు. మనుషులు చచ్చిపోతున్నారు, ఓడ నేలకి తగిలి కదలడం లేదు. చివరికి మిగిలినవాళ్ళతో ఒడ్డుకి చేరి, తలకి తగిలిన తూటా గాయంతో రక్తం ఓడుతూ పాతిక మైళ్ళు నడిచి రాజు ఉండే ఊరు చేరాడు.

కొన్ని రోజులు దాక్కున్నాక మెక్రే ఒక సాహసం చేశాడు. తన మనుషులు ఆకలితో చావకూడదని, తానే దొంగల ఓడకి మాట్లాడడానికి వెళ్ళాడు. ఇంగ్లండ్ అతన్ని కాపాడాలన్నాడు. టేలర్ ఒప్పుకోలేదు. తమవాళ్ళు ఎందరినో చంపిన కెప్టెన్ని బతకనివ్వకూడదన్నవాళ్ళు అతని వెనక ఉన్నారు.

అప్పుడు గుంపులోంచి ఒకడు దూసుకొచ్చాడు. భయంకరమైన మీసాలు, నడుం చుట్టూ పిస్తోళ్ళు, ఒక కాలు కర్ర. బూతులు తిడుతూ మెక్రే ఎవరని గద్దించాడు. తనని చంపబోయేవాడు వీడేనని మెక్రే అనుకున్నాడు. అతను మాత్రం దగ్గరికొచ్చి చెయ్యి పట్టుకుని, నిన్ను చూడడం సంతోషమన్నాడు. మెక్రే మీద చెయ్యి వేసేవాడెవడో ముందుకి రమ్మని, తాను మెక్రే పక్షాన నిలబడతానని అందరినీ సవాలు చేశాడు. పూర్వం తాను మెక్రే కింద పనిచేశాననీ, మెక్రే నిజాయితీపరుడనీ చెప్పాడు.

మెక్రే బతికాడు. దొంగలు కసాండ్రాని ఉంచుకుని, దెబ్బతిన్న తమ ఓడ ఒకటి అతనికి ఇచ్చారు, కంపెనీ బట్టల బేళ్ళు 129 వదిలిపెట్టారు. సెప్టెంబరు 8న బయలుదేరి నలభై ఎనిమిది రోజులు ఆకలితో, కొలిచి పోసిన గుక్కెడు నీళ్ళతో సముద్రం మీద గడిపి, అక్టోబరు 26న మెక్రే బృందం బొంబాయి చేరింది.

ఐదో ఆనవాలు: కాలు కాదు, చేసిన పని

ఇప్పుడు నవలలో ఇరవై ఎనిమిదో అధ్యాయం తెరుద్దాం. రాత్రి చీకట్లో జిమ్ పొరపాటున శత్రువుల మధ్యకి వెళ్ళి చిక్కుకుంటాడు. దొంగల్లో ఒకడు కత్తి తీస్తాడు. సిల్వర్ అడ్డుపడి, ఈ కుర్రవాడి మీద చెయ్యి వేసేవాడెవడో చూస్తానని తన ముఠా మొత్తాన్నీ సవాలు చేస్తాడు.

మీసాలు తీసేయండి, పిస్తోళ్ళు తీసేయండి. మిగిలింది అదే దృశ్యం. చంపాలంటున్న గుంపు, నిరాయుధుడైన బందీ, మధ్యలో ఒంటికాలి దొంగ. సవాలు చేసిన తీరు కూడా దాదాపు అదే.

ఇక్కడ న్యాయంగా ఒక మాట చెప్పాలి. హెన్లీ విషయంలో స్టీవెన్‌సన్ చేతిరాతే ఉంది. జొహానా కర్రకాలి మనిషి విషయంలో ఉన్నవి ఒప్పుకున్న పుస్తకం, అందులోంచి వచ్చిన పేర్లు, ఒకే ముద్దలోంచి తీసినట్టున్న రెండు దృశ్యాలు. మొదటిది సాక్ష్యం, రెండోది అనుమానం. అయినా బలమైన అనుమానం. నా తీర్పు ఇది: సిల్వర్ ఒళ్ళు, నవ్వు, పోయిన ఎడమకాలు హెన్లీవి. అతను బతికిన సముద్రం జాన్సన్ పుస్తకానిది. జిమ్ కోసం అతను నిలబడిన ఆ ఒక్క క్షణం కసాండ్రా దొంగది.

ఈ తేడా నాకు చిన్నది కాదు. పిల్లలు సిల్వర్‌ని ప్రేమిస్తారు. అతను హంతకుడని తెలుసు, అబద్ధాలకోరని తెలుసు, అయినా ప్రేమిస్తారు. పెద్దవాళ్ళలో కొందరు దీన్ని తప్పుపట్టి, చెడ్డవాణ్ణి ఇంత ఇష్టంగా ఎందుకు రాయాలని అడుగుతారు. 1720లో ఆ ఓడ మీద జరిగిందే జవాబు. దొంగతనం వృత్తిగా పెట్టుకున్నవాడు కూడా ఒకనాడు తనని మనిషిగా చూసిన కెప్టెన్ని గుర్తుపెట్టుకుని, తనవాళ్ళకే ఎదురు నిలిచాడు. అది రచయిత కల్పించిన తీపి కాదు. ఆ దయకి ఖరీదు కూడా ఉంది. మెక్రేని వదిలేసినందుకే ముఠా తరువాత ఇంగ్లండ్ మీద తిరగబడి, మారిషస్ దీవిలో దించేసి పోయింది.

ఇంతకీ మెక్రే ఏమయ్యాడు? 1725లో చెన్నపట్నం సెయింట్ జార్జి కోటకి గవర్నరయ్యాడు. 1730 దాకా అక్కడే ఉన్నాడు. మన విశాఖపట్నంలోని కంపెనీ కోఠీ ఆ కోట ఆజ్ఞలతోనే నడిచేది. తెలుగు వర్తకులు నిండుగా ఉన్న ఆ పట్నంలో తీర్పులు చెప్పిన దొర, అయిదేళ్ళ కిందట ఒక కర్రకాలి దొంగ మాట మీద బతికి బయటపడినవాడు.

నవల చివర్లో సిల్వర్ ఒక రేవులో నాణేల సంచి ఒకటి తీసుకుని రాత్రికి రాత్రే జారుకుంటాడు. ఆపైన అతని జాడ తనకి తెలియలేదని జిమ్ చెబుతాడు. జాన్సన్ పుస్తకంలో మనిషి కూడా అంతే. ఒక్క పేరాలో వచ్చి, ఒకణ్ణి బతికించి, పేరైనా చెప్పకుండా వెళ్ళిపోయాడు. ఆ ఓడ మీద ఆనాడు అతని పేరు ఎవరూ రాసి పెట్టలేదు. నూట అరవై ఏళ్ళ తరువాత, వాన కురుస్తున్న ఒక ఇంట్లో, పదమూడేళ్ళ కుర్రవాడు వింటుండగా అతనికి ఒక పేరు దొరికింది: లాంగ్ జాన్ సిల్వర్.