లోయ కోసం ఎవరూ రాలేదు

గండికోటకు తొమ్మిది వందల ఏళ్ళుగా మనుషులు వస్తూనే ఉన్నారు. సామంతులు, దండనాయకులు, వజ్రాల వర్తకులు, ఫిరంగులు పోతపోసేవాళ్ళు, సర్వేయర్లు, రాళ్ళ మీద సుత్తితో కొట్టి చూసే శాస్త్రజ్ఞులు, అందరూ వచ్చారు. వీళ్ళలో ఒక్కరైనా "లోయ చూసి పోదాం" అని వచ్చినట్టు నాకు ఎక్కడా కనిపించలేదు. కోట కావాలి, పన్ను కావాలి, రాగి కావాలి, రాతి నమూనా కావాలి. లోయ మాత్రం పక్కన ఉన్నది ఉన్నట్టు పడి ఉండేది.

ఇవాళ లెక్క తిరగబడింది. శుక్రవారం రాత్రి బెంగళూరులోనో హైదరాబాదులోనో బస్సెక్కి, తెల్లవారేసరికి కొండ కొమ్మున నిలబడి, సూర్యోదయాన్ని ఫోన్లో పట్టుకుని, మధ్యాహ్నానికి బెలుం గుహల్లో చెమటలు కక్కి, రాత్రికి తిరుగు ప్రయాణం కట్టేవాళ్ళకు కోటే పక్కవాయిద్యం. ముందు నడిచే ట్రెక్ లీడరు, వెనక చిన్న సంచులతో జనం. ఈ అలవాటు నిన్నమొన్నటిది. దీని వెనకున్న దారి మాత్రం చాలా పాతది, వంకర్లు తిరిగినది.

ముందు రాయి సంగతి. పెన్న నది కర్ణాటకలో నంది కొండల దగ్గర పుట్టి, అనంతపురం జిల్లా దాటి, తాడిపత్రి పక్కగా వచ్చి, జమ్మలమడుగు మైదానంలోకి దిగేముందు ఎర్రమల కొండలకు అడ్డం పడుతుంది. అక్కడి రాయి క్వార్ట్‌జైట్, అంటే ఇసుకరాయి భూగర్భంలో నలిగి, ఉడికి, ఉక్కులా బిగుసుకుపోయినది. పొరలు దాదాపు అడ్డంగా పరుచుకుని ఉంటాయి; వాటిని నిలువు పగుళ్ళు కోస్తాయి. కాబట్టి రాయి అరిగి గుండ్రబడదు, దిమ్మెలు దిమ్మెలుగా ఊడిపడుతుంది. లోయ గోడలు ఎవరో పేర్చినట్టు ఉండడానికి కారణం ఇదే. కొమ్ము నుంచి నీటి దాకా సుమారు మూడు వందల అడుగులు. ఆ రాతి వయసు వంద కోట్ల ఏళ్ళకు పైమాటే.

ఇంత గట్టి గోడ, కింద నది. దండనాయకుడి కంటికి ఇది అందం కాదు, ఖర్చు లేని అగడ్త. గండికోట కైఫియత్తు (ఊరి చరిత్ర) ప్రకారం కల్యాణి చాళుక్య ప్రభువు ఆహవమల్ల సోమేశ్వరుడి సామంతుడు కాకరాజు 1123లో ఇక్కడ మొదట మట్టికోట కట్టాడు. ఆ సోమేశ్వరుడు 1068లోనే పోయాడు కాబట్టి ఈ రెంటికీ పొత్తు కుదరదు; కైఫియత్తుల్లో ఇలాంటివి మామూలే. విజయనగర కాలానికి పెమ్మసాని వాళ్ళు దీన్ని ఏలారు. లోపల మాధవరాయస్వామి గుడి, రంగనాథుడి గుడి లేచాయి. తాడిపత్రిలో బుగ్గ రామలింగేశ్వర, చింతల వెంకటరమణ ఆలయాలు కూడా ఈ వంశంవాళ్ళు కట్టించినవే. ఒక లోయ అంచున కూర్చుని సంపాదించింది నదికి ఎగువన అలా శిల్పమైంది. 1650లో గోల్కొండ సేనాని మీర్ జుమ్లా కోటను పట్టుకున్నాక జుమ్మా మసీదు, ధాన్యాగారం వచ్చి చేరాయి.

కోటకు వచ్చిన బయటివాళ్ళలో నాకు అందరికన్నా ఇష్టమైనవాడు జాన్ బాప్టిస్ట్ టావెర్నియర్. ఫ్రెంచి నగల వర్తకుడు. గోల్కొండ సుల్తానుకు ముత్యాలు అమ్మాలంటే ముందు మీర్ జుమ్లాకు చూపించాలి. మీర్ జుమ్లా గండికోటలో దిగి ఉన్నాడు. కాబట్టి 1652లో మచిలీపట్నం నుంచి మద్రాసు మీదుగా ప్రయాణించి, సెప్టెంబరుకు ఇక్కడ తేలాడు. కోటకు ఎక్కే దారి కొండను తొలిచి వేసినదనీ, ఒకచోట మరీ ఇరుకనీ, పక్కన భయంకరమైన పాతాళమనీ, దాని అడుగున పెద్ద నది ఉందనీ రాశాడు. అంతే, లోయకు దక్కింది అంతే. తర్వాత పేజీలన్నీ పనులవే. క్లాడ్ మెయి అనే ఫ్రెంచి వాడు గుళ్ళల్లోంచి తెచ్చిన రాగి విగ్రహాలు కరిగించి మీర్ జుమ్లాకు ఫిరంగులు పోతపోస్తున్నాడట. మీర్ జుమ్లా గుడారంలో కూర్చుని కాలివేళ్ళ సందుల్లో కొన్ని ఉత్తరాలు, ఎడమచేతి వేళ్ళ సందుల్లో కొన్ని పెట్టుకుని, ఒకటి కాలినుంచి, ఒకటి చేతినుంచి తీస్తూ జవాబులు చెబుతుంటే రాయసగాళ్ళు రాసుకుపోయేవాళ్ళట. ఈ దృశ్యం చూసినవాడికి లోయ గుర్తుండకపోవడంలో తప్పేమీ లేదు. నేనైనా కాలివేళ్ళ వైపే చూస్తూ ఉండేవాణ్ణి.

1800లో నిజాం ఈ సీమను ఈస్టిండియా కంపెనీకి దత్తం చేశాక ఆయుధాలు పోయి కాగితాలు వచ్చాయి. కల్నల్ కాలిన్ మెకంజీ సర్వే చేస్తూ ఊరి చరిత్రలు కూడా పోగుచేయించాడు. ఆయన కోసం తిరిగింది కావలి సోదరులు, వాళ్ళ కింది సహాయకులు. చెప్పింది, రాసిచ్చింది కరణాలు. గుడి ఎవరు కట్టారు, మాన్యం ఎంత, చెరువు ఏ తూముకు పారుతుంది, అన్నీ పక్కనుండి విప్పి చెప్పింది వాళ్ళే. నన్నడిగితే ఈ ప్రాంతానికి మొదటి గైడ్లు వాళ్ళు. తర్వాత కడపలో పనిచేసిన సి.పి. బ్రౌన్ ఆ రాతలకు నకళ్ళు తీయించి కాపాడాడు. కడపలో ఆయన బంగళా ఉన్నచోట నిలిచిన సి.పి. బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రం ఆ కైఫియత్తుల్ని అచ్చు వేసింది. ఇవాళ కోట దగ్గర ఏ గైడైనా చెప్పే కథల్లో సగం, తెలిసో తెలియకో, కరణాల సొత్తు.

పన్నుల పని మీదే తిరిగిన ఇంకొకాయన మాత్రం లోయ వైపు తల ఎత్తి చూశాడని సీమవాసులు చెప్పుకుంటారు. ఆ లోయ గండికోట కాదు. పులివెందుల వైపు, వేంపల్లె దాటాక పాపాగ్ని నది కొండల మధ్యనుంచి బయటపడే గండి. అక్కడ వీరాంజనేయస్వామి గుడి ఉంది. లంక నుంచి తిరిగి వస్తున్న రాముడి కోసం వాయుదేవుడు రెండు కొండలకూ కలిపి బంగారు తోరణం కట్టాడనీ, రాముడు బాణపు మొనతో బండ మీద హనుమంతుడి రూపు గీశాడనీ స్థలపురాణం. తోరణం ఇప్పటికీ ఉందట, పుణ్యాత్ములకు, అదీ ఆఖరి రోజుల్లో మాత్రమే కనిపిస్తుందట. దత్తమండలాలకు మొదటి ప్రిన్సిపల్ కలెక్టరై, తర్వాత మద్రాసు గవర్నరైన థామస్ మన్రో ఆ దారిన పోతూ, "పైన ఎవరు కట్టారీ బంగారు తోరణం?" అని అడిగాడట. పక్కనున్నవాళ్ళకు ఏమీ కనిపించలేదు. ముసలాయన ఒకడు నోరు మూసుకున్నాడు, అర్థం తెలుసు కాబట్టి. 1827 జులై 6న మన్రో కర్నూలు జిల్లా పత్తికొండలో కలరాతో చనిపోయాడు. చివరి తేదీ చరిత్ర, మిగతాది జనం అల్లిక. కానీ పన్ను తగ్గించమని వాదించిన దొరకు మన జనం ఇచ్చిన బిరుదు అది: లోయలో తోరణం చూడగలిగిన కన్ను.

పందొమ్మిదో శతాబ్దం రెండో సగంలో వచ్చింది విలియం కింగ్, భారత భూగర్భ సర్వేక్షణ ఉద్యోగి. కడప, కర్నూలు శిలల మీద 1872లో ఆయన వేసిన నివేదికతో ఈ కొండలు ప్రపంచ శాస్త్రం నోట్లో పడ్డాయి. ఆ దారిలోనే ఈ పొరలకు మన ఊళ్ళ పేర్లు పడ్డాయి. వేంపల్లె సున్నపురాళ్ళ పొర, దాని మీద పులివెందుల క్వార్ట్‌జైట్, ఆపైన తాడిపత్రి పొర, ఆ పైన గండికోట క్వార్ట్‌జైట్. పులివెందుల దగ్గర రాతి పొరల మధ్య చొరబడి గడ్డకట్టిన శిలాద్రవానికి శాస్త్రజ్ఞులు కట్టిన వయసు సుమారు 188 కోట్ల ఏళ్ళు. తుమ్మలపల్లె యురేనియం దొరికేది ఈ వేంపల్లె పొరల్లోనే. పులివెందుల నుంచి గండికోటకు కారులో పోయేవాడు, తెలియకుండానే, కింది మెట్టు నుంచి పై మెట్టుకు ఎక్కుతున్నాడన్నమాట. ఈ ముక్క ఏ గైడూ చెప్పగా నేను వినలేదు. చెబితే బాగుండును.

ఇక రైలు. 1871 నాటికి మద్రాసు–బొంబాయి మార్గం ఎర్రగుంట్ల, ముద్దనూరు, కొండాపురం మీదుగా పూర్తయినా, ముద్దనూరు స్టేషన్లో లోయ కోసం దిగినవాళ్ళు తక్కువ. జమ్మలమడుగు, ప్రొద్దుటూరు మీదుగా ఎర్రగుంట్ల–నంద్యాల లైను 2016 దాకా రాలేదు. మధ్యకాలమంతా గండికోట అంటే బడిపిల్లల విహారయాత్ర, పులిహోర పొట్లాలు, వరుసలో నడిపించే సారు. మిగతా ఆంధ్రదేశానికి ఆ పేరు తెలిసింది 1969లో ఎన్టీఆర్ నటించిన విఠలాచార్య సినిమా "గండికోట రహస్యం" వల్ల. ఆ జానపద కథకూ ఈ కొండకూ పేరు తప్ప ఇంకేమీ చుట్టరికం లేదు.

అసలు లోయను లోయగా చూడడం ఎక్కడ పుట్టింది? అమెరికాలో కూడా ఆ తంతు ఇలాగే జరిగింది. గ్రాండ్ కేనియన్ అంచుకు యూరోపియన్లను 1540లో తీసుకెళ్ళింది హోపీ తెగవాళ్ళు. స్పెయిన్ సైనికులకు బంగారం కావాలి, గొయ్యి కాదు, వెనక్కి తిరిగారు. 1858లో అక్కడికి వెళ్ళిన లెఫ్టినెంట్ ఐవ్స్ ఆ చోటు ఎందుకూ పనికిరాదనీ, తమ తర్వాత అక్కడికెవరూ రారనీ తేల్చేశాడు. 1869లో పావెల్ అనే అన్వేషకుడు పడవల మీద నది వెంట దిగి, వచ్చి రాశాడు. 1901లో దక్షిణపు అంచుకు రైలు వచ్చింది, 1919లో జాతీయ ఉద్యానమైంది. రైలు, హోటలు, ఫోటో, ఆ తర్వాతే అందం.

ఆ అందాన్ని మనవాళ్ళూ బాగానే పంచుకున్నారు. పిల్లల దగ్గరికి ఆరునెలలకని పోయిన ప్రొద్దుటూరు అమ్మానాన్నలకు లాస్ వేగాస్ నుంచి తెల్లవారుజామున బయల్దేరే గ్రాండ్ కేనియన్ బస్సు ఒక తప్పనిసరి మొక్కు. ఇంకొంచెం దూరం పోయేవాళ్ళు ఆంటిలోప్ కేనియన్ చూస్తారు. 1997 నుంచి అక్కడ నవాహో గైడు లేకుండా అడుగు పెట్టనివ్వరు. తిరిగి వచ్చి ఇంట్లో ఆల్బం తిప్పుతుంటే ఎవరో ఒక మనవడు అడుగుతాడు, "జేజీ, మన గండికోట చూసినారా?" అని. ప్రొద్దుటూరుకు నలభై కిలోమీటర్ల లోపు. "ఏముంది నాయనా ఆడ, బండలూ నీళ్ళూ!"

"భారతదేశపు గ్రాండ్ కేనియన్" అనే బిరుదు ఈ ఆల్బంల కాలంలోనే గట్టిపడింది. నాకు ఆ పేరంటే పెద్ద మోజు లేదు. అమెరికా లోయ 446 కిలోమీటర్ల పొడవు, కొన్నిచోట్ల మైలు పైబడిన లోతు. దాని పక్కన మనది ఒక పిల్లకాలువ. మనదాని బలం వేరే: లోయ కొమ్మునే ఒక ఊరు, కోట, గుడి, మసీదు, కొలను, బురుజు, అన్నీ నడక దూరంలో ఉండడం. అక్కడ రాళ్ళు చూస్తారు, ఇక్కడ రాళ్ళతో మనుషులు ఏం చేశారో కూడా చూస్తారు. అయినా పేరు పని చేసింది. రాష్ట్ర పర్యాటక సంస్థ హరిత హోటలు పెట్టింది, గండికోట ఉత్సవాలు జరిగాయి, గుడారాలు లేచాయి, తవ్వా ఓబుల్‌రెడ్డి గండికోట మీద తెలుగులో రాసిన పుస్తకానికి జాతీయ పర్యాటక పురస్కారం వచ్చింది, కమల్‌హాసన్ "ఇండియన్ 2" షూటింగుకు దిగితే చుట్టుపక్కల ఊళ్ళు కదిలి వచ్చాయి. 2024 చివర్లో కేంద్రం గండికోట అభివృద్ధికి 77.91 కోట్ల రూపాయలు మంజూరు చేసింది.

ఆ డబ్బులో కొంత గైడ్ల శిక్షణకు పోతే మంచిదని నా కోరిక. ఇప్పుడు ఫోటో తీయించే గైడ్లు ఉన్నారు, ఏ బండ మీద కూర్చుంటే వెనక నది వంపు పడుతుందో వాళ్ళకు బాగా తెలుసు. కానీ ఆ వంపులో కనబడే నీళ్ళు ఎవరి చేతిలో ఉన్నాయో కూడా చెప్పాలి. ఎగువన 26.85 టీఎంసీల గండికోట జలాశయం, గాలేరు–నగరి పథకంలో భాగం, దిగువన మైలవరం. మధ్యలో లోయ. పై గేట్లు ఎత్తితే నది, దించితే మడుగు. ఆ జలాశయం నిండడానికి తాళ్ళప్రొద్దుటూరు లాంటి ఊళ్ళు ఇళ్ళు వదిలి వెళ్ళాయి. చూపరి నిలబడి పచ్చటి నీళ్ళు చూసి మురిసే ప్రతిసారీ ఆ ఊళ్ళ పేరు ఒకసారి వినపడితే తప్పేముంది?

పోయేవాళ్ళకు ఒక మాట. అంచున చాలాచోట్ల కమ్మీలు లేవు. చిన్నపిల్లల చెయ్యి వదలొద్దు. మార్చి దాటితే పొద్దున తొమ్మిది తర్వాత బండ కాలు నిలవనివ్వదు. పులివెందుల నుంచి బయల్దేరితే గండి చూసుకుని వేంపల్లె, ముద్దనూరు మీదుగా జమ్మలమడుగు చేరొచ్చు, శ్రావణ శనివారాలు తప్ప. ఆ రోజుల్లో గండి దారి జనంతో నిండిపోతుంది. ప్రొద్దుటూరు నుంచైతే కారందోసె కడుపులో పడేసుకుని నేరుగా కోటకు, ఎండ ముదిరాక తాడిపత్రికి. పెమ్మసాని వాళ్ళ లోయ, పెమ్మసాని వాళ్ళ గుళ్ళు ఒకే రోజులో అవుతాయి. బెలుం గుహలను కూడా అదే రోజుకు ఇరికించే టూర్లున్నాయి. అది వద్దు, దాన్ని ఇంకో ఆదివారానికి పెట్టుకోండి.