సూర్యచంద్రులును రాజవంశములును
(ప్రాచీనజాతుల గగనదేవతలను గూర్చిన విమర్శనము)

కులచరిత్రము వ్రాయబూనినవారి కెల్ల మొట్టమొదట నెదురగు ప్రశ్న యొక్కటియే: మనవారు సూర్యవంశజులా, చంద్రవంశజులా? ఈ ప్రశ్నకు దొందరపడి యుత్తరము చెప్పిన గ్రంథములు మన దేశమున గొల్లలుగా నున్నవి. మే మీ వ్యాసమున నట్టి యుత్తరమును జెప్పబూనుట లేదు. ప్రాచీనజాతులు గగనమందలి తేజస్సులను దేవతలుగా నెట్లు భావించిరి, ఆ భావమును రాజు లెట్లు వినియోగించుకొనిరి యను విషయములను ముందుగా బరిశీలించి, పిదప మన తెలుగునాటి శాసనములవైపు జూపు మరలింతుము. విజ్ఞులగు సంఘసభ్యులును, సంఘపోషకులగు మహాశయులును నోపికతో జిత్తగింతురు గాక.

ఆకాశము

ఆకాశమును దండ్రిగా నెంచుట వేదకాలపు టార్యులకును, గ్రీకులకును, రోమకులకును సమానమైన భావము. వేదమందలి ద్యౌష్పిత, గ్రీకుల జ్యూస్, రోమకుల జూపిటరు అను మూడును నొక్క మాటకే వేర్వేరు రూపములని భాషాశాస్త్రజ్ఞులు స్థాపించియున్నారు. ప్రకాశార్థకమగు 'దివ్' ధాతువు నుండియే దేవుడు, దివ్యము, దివసము అను మాటలు పుట్టినవి. కనుక 'దేవుడు' అనగా మొదట వెలుగువాడనియే యర్థము.

అయినను బేరు నిలిచినంతమాత్రమున బెత్తనము నిలువలేదు. గ్రీసునందు జ్యూసు దేవతల రాజై సింహాసనమెక్కగా, మన ఋగ్వేదమందలి 1,028 సూక్తములలో ద్యౌస్సు నొక్కనినే స్తుతించు సూక్తము లేదు. పృథివితో గూడ ద్యావాపృథివులుగా మాత్రమే యాతడు ఆరు సూక్తములయందు గీర్తింపబడెను. ఇంద్రుడును వరుణుడును నాతనిని మించిపోయిరి. వీరి ప్రసిద్ధి దూరదేశములకు గూడ బ్రాకెను. నేటి టర్కీదేశమందలి బోగజ్‌కోయి యనుచోట 20వ శతాబ్ది యారంభమున దొరకిన మట్టిపలకలలో, క్రీ.పూ. 14వ శతాబ్దియందు హిట్టైటు, మితన్ని రాజులు చేసికొనిన సంధిపత్ర మొకటి యున్నది. అందు మిత్ర, వరుణ, ఇంద్ర, నాసత్యులు సాక్షిదైవతములుగా బేర్కొనబడిరి.

తండ్రి చంద్రుడు, కొడుకు సూర్యుడు

యూఫ్రటీసు, టైగ్రిసు నదుల నడుమ వెలసిన సుమేరుజాతివారు ఆకాశదేవుని 'అన్' అను పేర ఉరుక్ నగరమున గొలిచిరి. వారి లిపిలో దేవుడనుటకు వ్రాయు గుర్తు నక్షత్రపు బొమ్మయే. వారి దేవతల చుట్టరికము మనకు వింత గొలుపును. ఊర్ నగరాధిదైవమగు నన్న చంద్రుడు; ఆతని కుమారుడగు ఉతు సూర్యుడు; కుమార్తెయగు ఇనన్న మనము వేగుచుక్క యని పిలుచు శుక్రగ్రహము. తరువాతి బాబిలోనువారు వీరినే సీన్, షమష్, ఇష్తారు అని పిలిచిరి. నెలలను చంద్రుని రాకపోకలనుబట్టి లెక్కించిన యా జనులకు జంద్రుడే పెద్దవాడుగా దోచుట సహజమే యని మా యభిప్రాయము.

మనము సూర్యుని గర్మసాక్షి యందుము. బాబిలోనువారికిని షమష్ అంతయు జూచువాడు, అందుచేత న్యాయాధిదేవత. క్రీ.పూ. 18వ శతాబ్దివాడగు హమ్మురాబి రాజు 282 ధర్మసూత్రములను నిలువెత్తు మించిన నల్లరాతిపై జెక్కించి, దాని శిరోభాగమున షమష్ ఎదుట దాను వినయముతో నిలిచినట్లు చిత్రింపజేసెను. ఇరానునందలి సూసాలో 1901లో బయల్పడిన యా శిల నేడు పారిసులోని లూవ్రు ప్రదర్శనశాలయం దున్నది. సూర్యుని పేరు చెప్పికొనుటతో దృప్తినొందక ధర్మమును రాతిపై వ్రాయించుటవలననే హమ్మురాబి నేటికిని స్మరింపబడుచున్నాడు.

నైలునదీతీరమున

ఐగుప్తుదేశమున ఆకాశము స్త్రీ, భూమి పురుషుడు. నూత్ అను దేవి విల్లువలె వంగి గెబ్ అను భూదేవునిపై గప్పియుండును. సూర్యుడగు రా పగటివేళ నావపై గగనమును దాటి, రాత్రి పాతాళమార్గమున బయనించుచు అపెప్ అను మహాసర్పముతో బోరాడి మరల నుదయించును. సంధ్యాసమయమున సూర్యుని నడ్డగించు మందేహులను రాక్షసులు ద్విజు లిచ్చు నర్ఘ్యజలముచే నశింతురను మన పురాణకథ యిచట స్ఫురింపక మానదు. రెండు దేశములవారికిని బ్రతి సూర్యోదయమును నొక విజయమే.

క్రీ.పూ. 14వ శతాబ్దిలో అఖెనాతెన్ అను ఫారో తక్కిన దేవతల పూజలను ద్రోసిపుచ్చి, అతెన్ అను సూర్యబింబమును మాత్రమే కొలువవలెనని శాసించి, క్రొత్త రాజధానిని గట్టించెను. ఆతని యనంతరము కొలదికాలముననే ప్రజలు పాతదేవతలకు మరలిరి. టూటంఖాతెన్ అను బాలరాజు తన పేరును టూటంఖామెన్ అని మార్చుకొనెను. రాజాజ్ఞచే దేవతలు పుట్టరు, చావరు అనుటకు నిది గొప్ప నిదర్శనము.

అదే దేశమున రెండవ రామెసీసు గట్టించిన అబూసింబెల్ ఆలయమున నేడు ఏటికి రెండు పర్యాయములు, ఫిబ్రవరి 22, అక్టోబరు 22 తేదీల ప్రాంతమున, బాలభానుని కిరణములు గర్భగృహమువఱకు బ్రసరించును. మన శ్రీకాకుళము చెంతనున్న అరసవల్లి సూర్యనారాయణస్వామి పాదములను మార్చి, అక్టోబరు మాసములలో గొన్ని యుదయములందు సూర్యకిరణములు సోకుట తెలుగువారందఱెఱిగినదే. రెండుచోట్లను స్థపతులు సూర్యుని గమనమును శ్రద్ధతో గమనించియే కట్టిరి. భక్తియు గణితమును బరస్పరము విరోధులు కావనుట కిట్టి యాలయములే ప్రమాణము.

స్త్రీపురుషభేదము

మనకు సూర్యచంద్రు లిరువురును బురుషులు. గ్రీకులకు హీలియోస్ పురుషుడు, చంద్రుడు సెలీనీ యను స్త్రీ. ఉత్తర ఐరోపావారికి సూర్యుడే స్త్రీ, చంద్రు డామె సోదరుడు. జపానువారికి సూర్యుడు అమతెరసు అను దేవి, చంద్రుడు త్సుకుయోమి యను దేవుడు. ఒక్క బింబమునే యొక జాతి తల్లియనగా వేఱొక జాతి తండ్రియన్నది. మా వంశమూలపురుషుడు సూర్యుడని వాదించువారు, జపానున నాతడు మూలస్త్రీ యగుచున్నాడని యొకపరి తలచుకొనుట మేలు.

చుక్కలు

నక్షత్రములవిషయమున రాజులకంటె గర్షకులే గొప్ప పండితులు. ఐగుప్తు రైతు లుబ్ధకనక్షత్రము తెల్లవారుజామున దిరిగి కనబడగనే నైలునదికి వఱద రానున్నదని గ్రహించెడివాడు. అందుచే నా నక్షత్రము సోప్దెత్ అను దేవియయ్యెను. మన పురాణములలో జంద్రుడు దక్షుని కూతుండ్రగు నిరువదియేడు నక్షత్రములను వివాహమాడి, రోహిణియందే యధికానురాగము జూపి, మామ శాపమున క్షయరోగి యయ్యెను. కృష్ణపక్షశుక్లపక్షములకు నింతకంటె సరసమైన కారణమును జెప్పిన జాతి లేదు. చంద్రుడు నక్షత్రమండలమున నొక చుట్టు తిరుగుటకు బట్టు నిరువదియేడు దినములపై చిల్లర కాలమే యీ కథకు మూలము.

కృత్తికలు మనకు కుమారస్వామిని బెంచిన తల్లులు; గ్రీకులకు అట్లాసు కూతుండ్రు. కాని మన పల్లెలలో వానికి బిల్లలకోడి యని పేరు. ఫ్రాన్సు, జర్మనీ, ఇటలీ దేశముల పల్లెవారును దమ తమ భాషలలో గోడిపేరనో కోడిపిల్లల పేరనో వానిని బిలుచుట చిత్రము. శాస్త్రములు వ్రాసినవారు దేవతలను జూచినచోట, పొలమున నిలిచినవారు దమ పెరటి కోడిని జూచిరి. రెండవ చూపు మొదటిదానికంటె దక్కువది కాదు.

సూర్యపుత్రులగు రాజులు

గగనదేవతలకు రాజులు చుట్టములగుట యెప్పుడు? ఐగుప్తు ఫారోలు నాలుగవ రాజవంశకాలమునుండి 'రా కుమారుడు' అను బిరుదమును ధరించిరి. దక్షిణ అమెరికాలోని ఇంకాప్రభువులు ఇంతి యను సూర్యుని సంతతివార మనుకొనిరి. వారి కుజ్కోనగరమందలి సూర్యాలయపు గోడలకున్న బంగారు రేకులను 1533లో స్పెయినువా రూడదీసికొనిపోయిరి, సూర్యు డడ్డురాలేదు. అమతెరసు సంతతిగా నెన్నబడిన జపాను చక్రవర్తి హిరోహితో, దాను బ్రత్యక్షదైవమను భావము యథార్థము కాదని 1946 జనవరి 1వ తేదీన స్వయముగా బ్రకటించెను. ఆ ప్రకటనవలన నాతని గౌరవము తఱుగలేదు.

ఇక మన తెలుగుదేశపు మాట. 7వ శతాబ్దినుండి వేంగిని బాలించిన తూర్పుచాళుక్యుల తొలి శాసనములలో వారు మానవ్యసగోత్రులు, హారీతిపుత్రులు అని మాత్రమే కలదు. చంద్రునినుండి వంశక్రమము చెప్పబడలేదు. 11వ శతాబ్ది యారంభమున విమలాదిత్యుని రణస్తిపూండి శాసనమునాటికి జంద్రుడు మొదలుకొని పౌరాణిక వంశావళి కానవచ్చుచున్నది. ఆతని కుమారుడగు రాజరాజనరేంద్రుడు పాండవులు తన వంశమువా రను నభిమానముతోడనే నన్నయభట్టారకునిచే భారతమును దెనిగింప బూనెను. రాజరాజు భార్య అమ్మంగదేవి సూర్యవంశజులమని చెప్పుకొనిన చోళుల యాడుబిడ్డ. వారి కుమారుడే 1070లో జోళసింహాసన మెక్కిన కులోత్తుంగుడు. అట్లు చంద్రవంశజుడు సూర్యవంశపు గద్దె నెక్కెను.

కాకతీయుల విషయము మఱింత బోధకము. గణపతిదేవుని కాలమున 1244 ప్రాంతపు మోటుపల్లి శాసనము వారిని సూర్యవంశమునకు జేర్చగా, నితరశాసనములు కొన్ని వారు చతుర్థకులజులని నిస్సంకోచముగా జెప్పుచున్నవి. కొండవీటి రెడ్డిరాజులైతే విష్ణుపాదమున బుట్టిన నాలుగవ వర్ణమువారమని గర్వముతో జెప్పుకొనిరి. సూర్యచంద్రుల నాశ్రయింపకయే వారు రాజ్యము చేసిరి, కవులను బోషించిరి, కీర్తిగాంచిరి. ఈ దృష్టాంతములనుబట్టి వంశావళి రాజ్యమునకు ముందు వచ్చినది కాదనియు, రాజ్యము వచ్చిన పిమ్మట సంపాదింపబడిన యలంకారమనియు మేము నిశ్చయించుచున్నాము.

జ్ఞానోదయము

సూర్యుడు కాలుచున్న గొప్ప శిల యని చెప్పిన అనక్సగోరసు అను గ్రీకుపండితునిపై క్రీ.పూ. 5వ శతాబ్దిలో ఏథెన్సువారు దైవద్రోహాపరాధము మోపిరి. మన ఆర్యభటుడు 499లో గ్రహణములకు భూచ్ఛాయయు జంద్రుడును గారణములని వ్రాసెను. 1868 ఆగస్టు 18వ తేదీ సంపూర్ణ సూర్యగ్రహణమును ఫ్రెంచి పండితుడగు జాన్సెన్ మన గుంటూరునుండియు, మద్రాసు నక్షత్రశాలాధికారియగు పాగ్సన్ మచిలీపట్టణమునుండియు బరిశీలించిరి. ఆ సంవత్సరమున సూర్యకాంతిలో గనబడిన యొక క్రొత్త పసుపురేఖ యే పదార్థముదో దానికి, హీలియోస్ దేవుని పేరున, హీలియమను నామము వచ్చెను. 2023 ఆగస్టు 23వ తేదీన చంద్రుని దక్షిణధ్రువప్రాంతమున దిగిన చంద్రయానమును, సెప్టెంబరు 2వ తేదీన సూర్యుని బరిశీలింప బయలుదేరిన ఆదిత్యనౌకయు మన నెల్లూరిసీమ శ్రీహరికోటనుండియే లేచినవి. దేవతల పేరులు పోలేదు. అవి జ్ఞానమునకు వాహనములైనవి.

ఉపసంహారము

1901 జనాభాలెక్కల సందర్భమున దొరతనమువారు కులములకు హెచ్చుతగ్గుల క్రమమును నిర్ణయింప బూనగా, దేశమంతట ననేక కులసంఘములు తమకు క్షత్రియత్వ మొసగవలెనని విన్నపములు పంపుకొనినవి. అందులకై సూర్యచంద్రులను మూలపురుషులుగా జేసి యెన్నియో వంశవృక్షములు కల్పింపబడినవి. అవమానమున గ్రుంగినవారు గౌరవమునకై చేసిన యా ప్రయత్నమును మేము పరిహసింపము. కాని యరువుదెచ్చుకొనిన కిరీటము శిరస్సునకు భారమే కాని భూషణము కాదు. వేఱొకని కొలబద్దతో మన యెత్తును గొలుచుకొనినంతకాలము మనము పొట్టివారముగానే కనబడుదుము.

గణపతిదేవుని సోదరి మైలమ బయ్యారమున జెఱువు త్రవ్వించి శాసనము వేయించెను. ఆ శాసనమున గాకతీయుల వంశావళి యున్నది; ఆ ప్రక్కనే చెఱువున్నది. వంశావళిని జదువువారు పండితులు పదిమంది. ఆ నీటితో బంటలు పండించుకొనినవారు తరతరముల జనులు. సూర్యుడు ఫలాని గోత్రమువాని పొలమని యెంచి యెండగాయడు. చంద్రుడు ఫలాని యింటిపేరువాని ముంగిట వెన్నెల గురియడు.

కావున మా మనవి యొక్కటి. సభ్యుల యిండ్లలో నటుకలమీద బురుగులు తినుచున్న తాటియాకు పుస్తకములను, రాగిరేకులను, పాత దస్తావేజులను వెలికిదీసి సంఘమున కందజేయుడు. మన పూర్వులు త్రవ్విన బావులను, నాటిన తోపులను, నిలిపిన సత్రములను, నేర్చిన విద్యలను ఉన్న దున్నట్లుగా వ్రాయుడు. సంఘపోషకు లా పనికి దోడ్పడుదురు గాక. సూర్యునియొద్దనుండి మనము గొనదగినది వంశము కాదు, వెలుగు. ఆ వెలుగు మన పిల్లల చదువులపైనను, మన చరిత్రపైనను సమముగా బ్రసరించుగాక యని ప్రార్థించుచు విరమించుచున్నాము.